ఏమీ తోచని దారి

ఎనిమిది నెలలుగా మంజులమ్మ ఫోను నోరు మూసుకున్నది లేదు. పట్టుపురుగుల షెడ్డులో ఆకు వేస్తుంటే పక్కన పెట్టుకున్న ఫోనులో సీరియలు అత్తాకోడళ్ళు పోట్లాడుకుంటూ ఉంటారు. మల్బరీ తోటలో కొమ్మలు కోస్తుంటే ఎవడో వంకాయ కూర ఎలా చెయ్యాలో చెబుతూ ఉంటాడు. ముప్పై ఏళ్ళుగా వంకాయ కూర చేస్తున్న మనిషికి ఆ పాఠం ఎందుకని ఎవరూ అడగలేదు. పడుకున్నాక కూడా దిండు పక్కన ఏదో ఒకటి సన్నగా మోగాల్సిందే. "ఫోనుకైనా రెస్టు ఇయ్యమ్మా" అని కొడుకు దర్శన్ ఎగతాళి చేస్తే నవ్వి ఊరుకునేది. ఆ చప్పుడు ఆగితే తనను ఏం పట్టుకుంటుందో వాడికి తెలియదు.

ఆమెను పట్టుకునేది నాలుగు నిమిషాల పన్నెండు సెకన్లు.

శ్రావణంలో ఆమె మొగుడు సోమప్ప ఎద్దును కొనడానికి ఊత్తంగరై వైపు ఒక పల్లెకు పోయాడు. బేరం కుదిరాక ఇంటికి ఫోను చేశాడు. ఆ సాయంత్రమే ఎద్దును వ్యానులో ఎక్కించుకుని వస్తుంటే మత్తూరు దగ్గర ఒక మలుపులో వ్యాను బోల్తా పడింది. డ్రైవరు బతికాడు, ఎద్దు బతికింది, సోమప్ప పోయాడు. ఆఖరిసారి ఎంతసేపు మాట్లాడాడో మంజులమ్మ ఫోనులో అంకెలతో సహా ఉంది. ఏం మాట్లాడాడో మాత్రం అందులో లేదు. ఆమె తలలోనూ లేదు. ఆ రోజు షెడ్డులో పురుగులు చివరి మేత మేస్తున్నాయి, మర్నాటికి పండుతాయి. పండిన పురుగును ఒక్కొక్కటిగా ఏరి, గూడు కట్టుకోవడానికి చంద్రికలనే వెదురు తడికల మీద వెయ్యాలి. ఒక్క పూట ఆలస్యమైతే నెల కష్టం తట్టలోనే పోతుంది. భుజానికీ చెవికీ మధ్య ఫోను ఇరికించుకుని, రెండు చేతులా ఆకు చల్లుతూ ఆమె ఏదో అంది. అతనేదో అన్నాడు. అంతవరకే గుర్తు.

సోమప్పను ఇంటికి తెచ్చిన రోజు అందరూ ఆఖరి మాట గురించే అడిగారు. "కడగా ఏం చెప్పినాడమ్మా?" చావు ఇంట్లో ఆ ప్రశ్న తప్పించుకోవడం ఎవరి తరమూ కాదు. అత్త అంజనమ్మ కొడుకు కాళ్ళ దగ్గర కూర్చుని, నోటితో అడగకుండా కోడలి మొహంలోకే చూస్తోంది. తెలియదని చెప్పడానికి మంజులమ్మకు నోరు రాలేదు.

"అమ్మను బాగా చూసుకో అని చెప్పినాడు" అంది.

ఆ అబద్ధం పట్టుకునే అంజనమ్మ లేచి కూర్చుంది, అన్నం తింది. పలకరించడానికి వచ్చిన ప్రతివాళ్ళకూ ఆ మాట చెప్పింది. తమ కెలమంగలం బస్టాండులో ముక్కూ మొహం తెలియని ఆడవాళ్ళకు కూడా చెప్పింది. అంతకుముందు ఉప్పు ఎక్కువైతే ఇల్లెక్కి అరిచే మనిషి, ఆ రోజు నుంచి కోడలిని ఒక్క పొల్లు మాట అనలేదు. ఆమె ఆ మాట ఎవరికైనా చెప్పడం మొదలుపెట్టినప్పుడల్లా మంజులమ్మ ఫోను సౌండు కొంచెం పెంచేది.

ఇక ఆ ఎద్దు. దాని వెనక కాలికి బాగా దెబ్బ తగిలితే, అమ్మిన రైతు కోదండరామయ్యే మళ్ళీ తన కొట్టంలో కట్టేసుకుని పసరు కట్లు కట్టి నిలబెట్టాడు. కాలు బాగయ్యాక దర్శన్ రెండుసార్లు వ్యాను తీసుకుని పోయాడు. ఎక్కడానికి పలక వేయగానే ఎద్దు నాలుగు కాళ్ళూ ముడుచుకుని కూలబడింది. పదిమంది లాగినా లేవలేదు. "ఆడే ఎవురికైనా ఇచ్చేద్దాం అవ్వా" అన్నాడు దర్శన్. హోసూరు కంపెనీలో వాడికి రెండు రోజుల లీవు దొరకడమే గగనం.

"నా కొడుకు కొనిన ఎద్దు. ఇంటికి రావాల" అంది అంజనమ్మ. "అప్పుడే నడిపించుకొని వచ్చి ఉండాల్సింది."

ఆ చివరి మాట మంజులమ్మను వదల్లేదు. ఎందుకో తెలియలేదు. "నేను పోతా అత్తా" అనేసింది.

ఆ ఇంట్లో తాతల నాటి నుంచీ ఒక పద్ధతి ఉంది. కొత్తగా కొన్న ఎద్దును బండెక్కించరు. ఇంటి మనిషి వెళ్ళి నడిపించుకుని రావాలి. పగ్గం మధ్యలో చేతులు మారకూడదు. దారి పొడుగునా ఎద్దుకు ఆ ఒక్క మనిషి అడుగు, ఆ ఒక్క మనిషి గొంతు అలవాటు కావాలి. తోడుగా సోమప్ప చిన్నాన్న జయరామప్ప బయల్దేరాడు. డెబ్బై ఏళ్ళ మనిషి, సంతల నుంచి ఎన్ని జతలను నడిపించుకుని వచ్చాడో ఆయనకే లెక్క తెలియదు.

కోదండరామయ్య వాకిట్లో పగ్గం మంజులమ్మ చేతికి వచ్చింది. తెల్ల ఎద్దు, మూపురం మీద అరచేయంత నల్లమచ్చ. ఆమెను ఒకసారి వాసన చూసి మొహం తిప్పుకుంది.

"ఫోను ఆపి సంచిలో పెట్టమ్మా" అన్నాడు జయరామప్ప.

"ఎవురైనా చేస్తే?"

"నాకు చేస్తారు. మోగితే నేను ఎడంగా పోయి మాట్లాడతా. ఎద్దుకు నీ గొంతు తప్ప ఇంకొకటి వినపడకూడదు."

"మరి పొద్దు ఎట్ల పోతుంది మామా?"

"పోదు" అన్నాడాయన, తలగుడ్డ చుట్టుకుంటూ.

నిజంగానే పోలేదు. మొదటి రోజు మంజులమ్మ ఎద్దును తిట్టుకుంది, ఎండను తిట్టుకుంది, పది బారల ముందు చేతులు వెనక్కి కట్టుకుని నడుస్తున్న మామను లోపల్లోపల తిట్టుకుంది. రోడ్డుకు రెండు పక్కలా మామిడి తోటలు. మామిడి చెట్టు, మామిడి చెట్టు, మధ్యలో ఒక బోరు షెడ్డు, మళ్ళీ మామిడి చెట్టు. ఎద్దు వెనక కాలు కొంచెం ఈడుస్తూ నడుస్తోంది. మైలురాయి మీద అంకె ఒకటి తగ్గడానికి ఒక జన్మ పడుతోంది. చెయ్యి దానంతటదే సంచిలో ఫోను కోసం పోతే, వెనక్కి తిరక్కుండానే జయరామప్ప దగ్గాడు.

"విసుగు పుడతా ఉండాది మామా" అంది మధ్యాహ్నం చింతచెట్టు నీడలో రాగిముద్ద తింటూ.

"పుట్టనీ. పుడితే ఏమవుతుంది?"

ఏమవుతుందో చెప్పడానికి ఆమెకు ధైర్యం చాలలేదు. విసుగు ఆమెకు కొత్త కాదు. ఆ విసుగు వెనకాల ఏదో నిలబడి ఉందనీ, తను ఖాళీగా కనబడగానే అది ముందుకు వస్తుందనీ ఆమె భయం.

కానీ మొదటి రోజు అదేమీ రాలేదు. రెండో రోజు వచ్చినవన్నీ చెత్త. మూడో తరగతిలో అప్పజెప్పిన ఎక్కాలు వచ్చాయి. పుట్టింట్లో సొట్ట పడిన ఇత్తడి చెంబు, ఆ సొట్ట ఎలా పడిందో, అందుకు తన బదులు చెల్లెలు ఎలా దెబ్బలు తిందో కూడా వచ్చింది. నలభై ఏళ్ళ కింద జరిగింది, ఇప్పుడెందుకు రావాలో తెలియదు. చెల్లెలికి ఫోను చేసి క్షమించమని అడగాలనిపించి, నడిరోడ్డు మీద ఒక్కతే నవ్వుకుంది. ఎద్దు చెవి ఇటు తిప్పింది. ఆ రాత్రి, ఎనిమిది నెలల తరవాత మొదటిసారి, చప్పుడు లేకుండా నిద్ర పట్టింది. కాళ్ళ నొప్పి వల్లనేమో అనుకుంది.

మూడో రోజు మత్తూరు మలుపు వచ్చింది.

రెండు రోజులుగా ఆమె గుండె దాని కోసమే బిగబట్టుకుని ఉంది. అక్కడికి పోతే అంతా గుర్తుకొస్తుందనీ, తను తట్టుకోలేననీ అనుకుంది. తీరా చూస్తే అదొక మామూలు మలుపు. కొత్తగా తెల్లరంగు వేసిన పిట్టగోడ, ఒక టీ కొట్టు, రాళ్ళ లారీ ఒకటి టైరు మార్చుకుంటూ ఉంది. టీ కొట్టాయన ఎద్దును ఎక్కడి నుంచి తోలుకొస్తున్నారని అరవంలో అడిగాడు, ఆమె అరవంలోనే చెప్పింది. ఎద్దు ఒక్క క్షణం ఆగి, ముక్కు ఎగబీల్చి, మళ్ళీ నడిచింది. ఏమీ గుర్తు రాలేదు. జయరామప్ప తలగుడ్డ తీసి చంకలో పెట్టుకుని, మలుపు దాటాక మళ్ళీ చుట్టుకున్నాడు. మంజులమ్మకు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. మనిషి పోయిన చోటుకు కూడా ఏమీ గుర్తు లేదే అని.

కృష్ణగిరి పక్కదారుల్లో దాటుకుని, నాలుగో రోజు రాయకోట దారి పట్టారు. నాలుగు రోజుల నడక కుంటి కాలుతో ఐదు రోజులయ్యేటట్టు ఉంది. ఇంక ఆమెకు తిట్టుకోవడానికి కూడా ఏమీ మిగల్లేదు. ఎక్కాలు అయిపోయాయి. చెంబులు అయిపోయాయి. మైలురాళ్ళు చూడటం కూడా మానేసింది. ముందు మామ మడమలు, పక్కన ఎద్దు ఊపిరి, కాళ్ళ కింద దుమ్ము. తల తుడిచిన పలకలా ఉంది. ఏమీ తోచడం లేదనే మాట కూడా తోచలేదు.

పదిన్నర పదకొండు వేళ. ఏమీ లేని చోటు, చెట్టు కూడా లేదు. పక్క చేనులో ఎండిన చొప్ప గాలికి గలగలలాడింది. ఎద్దు దారి పక్కకు మెడ చాచి చొప్ప నోటికి అందుకుని నమలడం మొదలుపెట్టింది. ఆ నమిలే చప్పుడులో ఆమెకు షెడ్డులో పురుగులు ఆకు మేసే చప్పుడు వినబడింది, రేకుల మీద వాన కురిసినట్టు. ఆ వాన మధ్యలోంచి సోమప్ప గొంతు మామూలుగా, పక్కనే నిలబడ్డట్టు పలికింది.

"మంచి ఎద్దే, మూపురం మీద మచ్చ ఉండాది. నడిపించుకొని వస్తా. నాలుగు దినాలు అవుతుంది."

ఆ వెనకే ఆమె గొంతు.

"నాలుగు దినాలు నువ్వు రోడ్ల మీద ఊరేగతా ఉంటే ఈడ పురుగు ఎవురు ఏరేది? రేపటికి పండుతుంది. వ్యాను ఎక్కించుకొని రాత్రికి వచ్చెయ్."

"కొత్త ఎద్దును బండెక్కించేది మన ఇంట్లో లేదు కదే."

"మన ఇంట్లో లేనివి చానా ఉండాయి. రా ముందు."

మంజులమ్మ రోడ్డు పక్కన కూలబడింది. పగ్గం చేతిలోనే ఉంది. వదలకూడదని ఆ స్థితిలో కూడా గుర్తుంది. ఎద్దు మేత ఆపి ఆమెకు అడ్డంగా వచ్చి నిలబడింది. జయరామప్ప గబగబా వెనక్కి వచ్చాడు. పగ్గం అందుకోబోయి, చెయ్యి వెనక్కి తీసుకుని, తలగుడ్డ విప్పి ఆమె తల మీద ఎండ పడకుండా పట్టుకున్నాడు. ఎనిమిది నెలలు రాని ఏడుపు, గొంతు పగిలేదాకా వచ్చింది. లారీలు పోతూనే ఉన్నాయి. చేతులు నొప్పి పుట్టినా ఆయన దించలేదు.

చాలాసేపటికి ఆమె జరిగింది చెప్పింది. ఫోనులో అన్నదీ, చావు ఇంట్లో అబద్ధం చెప్పిందీ, రెండూ చెప్పింది. "నేనే పంపించినా మామా ఆ వ్యానులో. నడిచి వస్తానన్న మనిషిని."

సోమప్పను చిన్నప్పుడు భుజాల మీద మోసిన మనిషి జయరామప్ప. కళ్ళు తుడుచుకుని, తలగుడ్డ చుట్టుకున్నాడు.

"లేస్తావా?"

"అత్తకు చెప్పాలా? చెబితే ఆమె ఏమైపోతుంది?"

"ఇప్పుడు నన్ను అడగొద్దు. ఇంకా ఒకటిన్నర దినం దారి ఉండాది. నడువు. ఏం చెయ్యాలో నీకే తోస్తుంది."

లేచింది. అంత తెలిశాక కూడా కాళ్ళు నడుస్తాయా అనుకుంది గానీ, నడిచాయి. పారిపోదామంటే సంచిలో ఫోను ఉంది. ఆమె దాని జోలికి పోలేదు. ఆ మాటలు వందసార్లు వచ్చాయి, వందసార్లు ఆమె విన్నది. సాయంత్రానికి అవి మొదటిసారి కోసినంత లోతుగా కోయడం లేదు. పోలేదు, పోవు కూడా. కానీ వాటి పక్కన నడవడం చేతనైంది. ఇన్నాళ్ళూ తను ఆ అబద్ధాన్ని దాస్తున్నాననుకుంది. అసలు దాక్కున్నది ఈ మాటల నుంచి అని, రాయకోట దాటేసరికి ఆమెకే తెలిసింది.

ఐదో రోజు కెలమంగలం పొలిమేరలో మల్బరీ తోటలు మొదలయ్యాయి. మళ్ళీ ఏమీ తోచని ఆ స్థితి వచ్చింది, ఈసారి భయం లేకుండా. అందులో మిగిలిన ముక్క దానంతటదే తేలింది. ఆమె "రా ముందు" అన్నాక సోమప్ప చిన్నగా నవ్వాడు. "సరేలే తల్లీ, నీ మాటే కానీ. నువ్వు తింటివా?" అన్నాడు. అది అడిగింది సాయంత్రం నాలుగింటికి. పొద్దుటి నుంచి ఆమె ఏమీ తినలేదని అతనికి ఫోనులోనే తెలిసిపోయింది.

ఆమె ఇంటికి చేరేసరికి అంజనమ్మ వాకిట్లో పసుపు నీళ్ళ బిందెతో నిలబడి ఉంది. కొత్త ఎద్దు కాళ్ళు కడిగి లోపలికి పిలుచుకోవాలి. ఎద్దును చూడగానే ముసలమ్మ మొహం ముడతలన్నీ కదిలాయి. మూపురం మీద మచ్చను చేత్తో తడిమింది. "ఇట్లా ఉంటాదని చెప్పనే లేదే నా కొడుకు" అంది.

"అత్తా, కాళ్ళు కడిగే ముందర ఒక మాట చెప్పాల."

గేటు దగ్గరే, పగ్గం చేతిలో ఉండగానే చెప్పింది. జయరామప్ప గోడ వైపు తిరిగి నిలబడ్డాడు. మంజులమ్మ ఏదీ మెత్త చెయ్యలేదు, ఏదీ వదల్లేదు.

అంజనమ్మ బిందె కింద పెట్టింది. చాలాసేపు ఎద్దు కాళ్ళ వైపే చూసింది.

"వ్యాను ఎక్కించుకొని రమ్మంటివా."

"అంటిని అత్తా."

"అమ్మను చూసుకో అని వాడు అన్లేదా?"

"అన్లేదు. అది నేను చెప్పిన మాట."

ముసలమ్మ గోడ పట్టుకుని అరుగు మీద కూర్చుంది. తిడుతుందని మంజులమ్మ ఎదురు చూసింది. తిడితే బాగుండుననుకుంది. అంజనమ్మ కొంగుతో మొహం కప్పుకుని కొంతసేపు ఏడ్చింది. తరవాత కొంగు తీసినప్పుడు ఆ గొంతులో జాలి లేదు, కోపమూ లేదు.

"పురుగు పండే దినం నేనైనా అదే మాట అందును" అంది. "అని, నీ మాదిరే ఏడుస్తా ఉందును." కొంగు దోపుకుని మళ్ళీ అంది, "ఎనిమిది నెలలు ఆ మాట కప్పుకొని పండుకొన్నా. వాడు చెప్పిపోయినాడు కాబట్టి నన్ను చూసుకొంటా ఉండావనుకొన్నా. అయితే నీకు ఎవురూ చెప్పలేదు, నీ అంతట నువ్వే చూసుకొంటివి."

అంజనమ్మ లేచి బిందె ఎత్తుకుంది. నాలుగు కాళ్ళకూ వరసగా నీళ్ళు పోసింది, దెబ్బ తగిలిన కాలికి రెండుసార్లు పోసింది. పగ్గం కోడలి చేతి నుంచి అందుకుని, ఎద్దును గుంజకు కట్టి వచ్చింది.

"కడగా ఏమి అడిగినాడంటివి?"

"తింటివా అని."

"నువ్వేం చెప్పినావు?"

"చెప్పలేదత్తా. ఆకు వేయాల, పెట్టేయ్ అని పెట్టేసినా."

"ఇప్పుడు చెప్పు."

మంజులమ్మ కళ్ళెత్తి చూసింది. అత్త కదలకుండా, జవాబు కోసం నిలబడి ఉంది. వెనక షెడ్డు తలుపు తెరిచి ఉంది, లోపల తట్టలు ఖాళీగా ఉన్నాయి. ఎక్కడా ఏ చప్పుడూ లేదు.

"ఇంకా తిన్లేదు" అంది.

అంజనమ్మ తల ఊపి, అన్నం పెట్టడానికి లోపలికి పోయింది.